చరిత్రలో ఈ రోజు: నవంబరు 1

ఆంధ్రప్రదేశ్ అవతరించినదీ, పదేళ్ల తరువాత విశాఖ వీధులు రక్తసిక్తమైనదీ ఒకే తేదీన. అందుచేత నవంబరు 1 తెలుగువారికి ఉత్సవదినమే గాక సంస్మరణదినం కూడా.

1954: ఫ్రెంచి పాలనలోని పుదుచ్చేరి, కారైకాల్, మాహే, యానాం ప్రాంతాల పరిపాలన భారత ప్రభుత్వానికి సంక్రమించింది. వీటిలో గోదావరి తీరాన ఉన్న యానాం తెలుగు ప్రాంతం. చట్టరీత్యా విలీనం 1962 ఆగస్టు 16న పూర్తయింది.

1956: కర్నూలు రాజధానిగా 1953లో ఏర్పడిన ఆంధ్ర రాష్ట్రంతో, హైదరాబాదు రాష్ట్రంలోని తెలుగు జిల్లాలు కలిసి ఆంధ్రప్రదేశ్ అవతరించింది. హైదరాబాదు రాజధాని కాగా, నీలం సంజీవరెడ్డి తొలి ముఖ్యమంత్రి అయ్యారు. కేరళ రాష్ట్రం ఏర్పడినదీ నేడే.

1966: పంజాబు నుంచి విడివడి హర్యానా ఏర్పడింది. అదే రోజు విశాఖపట్నంలో ఉక్కు కర్మాగారం కోరుతూ సాగిన ఆందోళనపై పోలీసులు కాల్పులు జరపగా పలువురు మరణించారు. అప్పటికి టి.అమృతరావు ఇదే కోరికతో నిరాహారదీక్షలో ఉన్నారు. కర్మాగారం స్థాపిస్తామని ప్రధాని ఇందిరాగాంధీ 1970 ఏప్రిల్‌లో పార్లమెంటులో ప్రకటించారు. 1971 జనవరి 20న ఆమే శంకుస్థాపన చేశారు. 1992లో అది జాతికి అంకితమైంది.

2000: మధ్యప్రదేశ్ నుంచి ఛత్తీస్‌గఢ్ వేరుపడింది.

1956లో కలిసిన తెలుగు ప్రాంతాలు 2014 జూన్ 2న రెండు రాష్ట్రాలయ్యాయి. ఆనాటి సరిహద్దులు మారినా, 1966 నాటి అమరుల త్యాగానికి విశాఖ ఉక్కు కర్మాగారం సాక్ష్యంగా నిలిచింది.