హద్దు లోపలి హిసాబ్

కోనసీమలో పొలం గట్టు దగ్గర తగాదా వస్తే ముందు వినబడే మాట హద్దు. ఈ మాట అరబ్బీది. అక్కడ 'హద్' అంటే గీత, దాటకూడని అంచు. దాని బహువచనమే మనం జుమా బయానుల్లో వినే 'హుదూద్'. రైతు కూడా అరబ్బీ 'రఈయత్' నుంచి వచ్చినవాడే. కౌలు అయితే 'ఖౌల్', అంటే ఇచ్చిన మాట. ఫసలీ, జమాబందీ, బాకీ, వసూలు అన్నీ నవాబుల దఫ్తర్ల నుంచి కరణంగారి కట్టల్లోకి దిగినవే. ఉర్దూ ఒక్క ముక్క రాని అమలాపురం పెద్దాయన "కౌలు రైతుకు హద్దు చూపించండి" అన్నాడంటే, మూడు అరబ్బీ మాటలు ఒక్క గుక్కలో అనేసినట్టే.

ఈ హద్దు అనే మాటను పట్టుకునే ఇవాళ ఒక ఇల్మ్ గురించి రాస్తున్నాను. ఉన్న భూమి, ఉన్న నీళ్ళు, ఉన్న పైకం, ఉన్న చేతులు. వీటి హద్దు లోపల అన్నిటికన్నా ఎక్కువ మునాఫా ఎలా వస్తుంది, లేదా అన్నిటికన్నా తక్కువ ఖర్చుతో పని ఎలా జరుగుతుంది అని తేల్చే రియాజీ అది. అర్థశాస్త్రం పుస్తకాల్లో గరిష్ఠీకరణ, కనిష్ఠీకరణ అంటారు. పేర్లు బరువుగా ఉన్నాయిగానీ ఇల్లు నడిపే ప్రతి అమ్మీ నెలాఖరున వేసే లెక్క ఇదే. 2011లో కోనసీమ రైతులు సార్వాకు ముందు ఇదే లెక్క వేశారు. వాళ్ళకొచ్చిన జవాబు సున్నా. ఆ సున్నా దగ్గరికి వెళ్ళేముందు ఒకసారి బాగ్దాద్ వెళ్ళి రావాలి.

క్రీ.శ. 820 ప్రాంతం. ఖలీఫా మామూన్ జమానా. ముహమ్మద్ ఇబ్న్ మూసా అల్ ఖ్వారిజ్మీ 'అల్ జబ్ర్ వల్ ముఖాబలా' అనే కితాబ్ రాశాడు. అల్జీబ్రా అనే పేరు ఇందులోంచే వచ్చింది. అల్గారిథమ్ అన్న మాట ఏకంగా ఆయన ఇంటిపేరే. ఈ సంగతి మన పిల్లలకు గర్వంగా చెబుతుంటాం, బాగానే ఉంది. కానీ ఆయన ఆ కితాబ్ ఎందుకు రాశాడన్నది చాలామంది చెప్పరు. విరాసత్, వసీయత్, వాటాలు, దావాలు, తిజారత్, భూముల కొలతలు, కాలవల తవ్వకం, వీటిలో జనానికి రోజూ పడే అవసరం కోసమని ముందుమాటలో ఆయనే చెప్పుకున్నాడు. కాలవల తవ్వకం అన్న మాట కోనసీమలో కూర్చుని చదివేవాడికి కాస్త వేరుగా తగులుతుంది. ఆ పుస్తకంలో పెద్ద భాగం వసీయత్ లెక్కలే. సమీకరణాల కోసం పుస్తకం తెరిచిన ఫిరంగీ పండితుల్లో కొందరు ఆ భాగం దగ్గర విసుక్కున్నారు. అసలు రుచంతా అక్కడే ఉంది.

అందులోని సవాల్ ఒకటి చూడండి. ఒక ఆడమనిషి ఇంతెకాల్ అయింది. భర్త, ఒక కొడుకు, ముగ్గురు కూతుళ్ళు వారిసులు. తన ఆస్తిలో ఎనిమిదో వంతూ ఏడో వంతూ కలిపి ఒక పరాయి మనిషికి ఇమ్మని వసీయత్ చేసింది. ఎవరికెంత? ఆ రెండు వంతులూ కలిపితే 56లో 15 భాగాలు. వసీయత్ మూడో వంతు దాటకూడదు, ఇది దాటలేదు కనక చెల్లుతుంది. మిగిలిన 41 భాగాల్లో భర్తకు నాలుగో వంతు, ఆపైన మిగిలింది కొడుక్కి రెండు, కూతురికి ఒకటి చొప్పున. మొత్తం తర్కాను 1120 భాగాలు చేస్తే పరాయి మనిషికి 300, భర్తకు 205, కొడుక్కి 246, ఒక్కో కూతురికి 123. కూడి చూసుకోండి, ఒక్క భాగం కూడా అటూ ఇటూ పోదు.

ఈ లెక్కలో ఎవరి లాభాన్నీ పెంచడం లేదు. ముందు హక్కులు రాసుకున్నారు, లెక్క వాటి వెనక నడిచింది. ఖురాన్ షరీఫ్‌లో సూరా నిసా విరాసత్ ఆయతుల తర్వాత వెంటనే వచ్చే మాట హుదూద్ అని గుర్తు చేసుకుంటే, ఖ్వారిజ్మీ కలం ఏ క్రమంలో కదిలిందో తెలుస్తుంది.

'అన్నిటికన్నా ఎక్కువ' అన్న ప్రశ్న గట్టిగా వినబడింది ఆ తర్వాత మూడు నాలుగు వందల ఏళ్ళకు. ఇరాన్‌లోని తూస్ నుంచి వచ్చిన షరఫుద్దీన్ తూసీ, 12వ శతాబ్దం మనిషి. (మరాగాలో రసద్‌గాహ్ నడిపిన నసీరుద్దీన్ తూసీ వేరు. ఇద్దరినీ కలిపేయడం మన ఉర్దూ పుస్తకాల్లో కూడా చూశాను.) ఘనం ఉన్న సమీకరణాలకు ఒక్కోసారి జవాబు ఉంటుంది, ఒక్కోసారి ఉండదు. ఎప్పుడు ఉండదు అన్నదాన్ని ఆయన పట్టుకున్నాడు. తేలిక ఉదాహరణ: 6ను రెండు ముక్కలు చేయండి. మొదటి ముక్కను దానితోనే హెచ్చించి, వచ్చినదాన్ని రెండో ముక్కతో హెచ్చించండి. 3, 3 అయితే 27. 5, 1 అయితే 25. 4, 2 అయితే 32. ఎలా ముక్కలు చేసినా 32 దాటదు. మొదటి ముక్క మొత్తంలో మూడింట రెండు వంతులున్నప్పుడే శిఖరం. కాబట్టి 33 కావాలని అడిగితే జవాబ్ లేదని లెక్క మొదలెట్టకముందే చెప్పొచ్చు. ఆ శిఖరాన్ని ఆయన ఏ దారిన కనుక్కున్నాడన్నదాని మీద చరిత్రకారులు ఇప్పటికీ వాదించుకుంటున్నారు. కలనగణితం అక్కడే పుట్టిందని గొప్పలు పోవక్కర్లేదు. శిఖరం ఎక్కడుందో చూసి, దాన్నే హద్దుగా వాడుకున్నాడన్నది మాత్రం పక్కా.

ఆ తర్వాతి కిస్సా యూరప్‌ది. న్యూటన్, లగ్రాంజ్ వగైరాలను దాటేసి నేరుగా 1938 లెనిన్‌గ్రాడ్‌కు పోదాం. ఒక ప్లైవుడ్ సంస్థ లియొనిద్ కాంటొరోవిచ్ అనే కుర్ర ప్రొఫెసర్ దగ్గరికి ఒక చిక్కు తెచ్చింది. దుంగలు కొన్ని రకాలు, మెషీన్లు కొన్ని రకాలు, ఒక్కో మెషీన్ ఒక్కో రకం దుంగను ఒక్కో వేగంతో చెక్కుతుంది. ఏ దుంగ ఏ మెషీన్‌కు వేస్తే మొత్తం సరుకు ఎక్కువ వస్తుంది? ఆయన దారి కనిపెట్టాడు. దాంతోపాటు ఇంకో అజీబ్ సంగతి బయటపడింది. లెక్క తేలేసరికి ప్రతి హద్దుకూ ఒక ధర దానంతటదే వచ్చి పక్కన నిలబడుతోంది. ఆ హద్దు ఒక్క అడుగు జరిగితే ఎంత లాభమో ఆ ధర చెబుతుంది. హద్దు అసలు అడ్డే కాకపోతే దాని ధర సున్నా. సోవియట్ దేశంలో ఇలా ధరల మాటెత్తడం ఖతర్నాక్ పని. ఆయన అర్థశాస్త్రం పుస్తకం 1959 దాకా అచ్చుకాలేదు. ఈలోపు 1947లో అమెరికాలో జార్జ్ డాంజిగ్ ఇలాంటి లెక్కలకు సింప్లెక్స్ పద్ధతి తయారుచేశాడు. 1975లో కాంటొరోవిచ్‌కు, కూప్‌మన్స్‌కు కలిపి అర్థశాస్త్రంలో నోబెల్ ఇచ్చారు.

మన తెలుగువాడి చెయ్యి కూడా ఇందులో ఉంది. ఆంధ్ర విశ్వవిద్యాలయంలో గణితం చదివి కలకత్తా వెళ్ళిన సి.ఆర్.రావు 1948లో ఒక పరీక్ష ప్రతిపాదించారు. అర్థశాస్త్రజ్ఞులు దాన్నే లగ్రాంజ్ గుణకం పరీక్ష అన్న పేరుతో వాడుతుంటారు. ముందు హద్దు పెట్టేయండి, ఆ గీత మీద ఎంత ఒత్తిడి పడుతోందో కొలవండి, ఒత్తిడి మరీ ఎక్కువైతే గీత తప్పుచోట గీశారని అర్థం. నా మటుకు నాకు, ఇంత పెద్ద రియాజీని ఇంతకన్నా పల్లెటూరి మాటల్లో చెప్పడం రాదు.

ఇప్పుడు మన గోదావరికి వద్దాం. కాటన్ దొర ధవళేశ్వరం ఆనకట్ట 1847లో మొదలై 1852కు పూర్తయింది. ఆ వెంటనే గన్నవరం దగ్గర వైనతేయ మీద 49 కమానుల అక్విడెక్టు కట్టి, నది మీదుగా కాలవను నగరం లంకకు దాటించారు. అప్పటినుంచి కోనసీమకు రెండు పంటలు, రెండు రకాల హద్దులు. దాళ్వాలో ఎండలు ముదిరాక శివారు భూములకు నీళ్ళు వంతులవారీగా వస్తాయి. అప్పుడు ఒక్క తడి నీటికి ధర ఉంది. సార్వాలో ఆ నీటి ధర సున్నా, ఎందుకంటే నీళ్ళు ఎక్కువై చేను మునుగుతుంది. అప్పుడు ధర పలికేది మురుగు కాలవ పూడికతీత. ఒకే ఎకరం, ఒకే రైతు, రుతువు మారితే బిగిసే హద్దు మారిపోతుంది. కాంటొరోవిచ్ చెప్పింది ఇదే. మురుగు కాలవలు బాగుచేయండని కోనసీమ రైతు ఏళ్ళ తరబడి మొత్తుకున్నదీ ఇదే.

2011 సార్వాకు ఆ మొర వినబడక రైతులు పంట విరామం ప్రకటించారు. లక్ష ఎకరాల దాకా నాట్లు పడలేదని అప్పట్లో వార్తలు. ఆ ఏడు మామూలు రకం ధాన్యానికి మద్దతు ధర క్వింటాలుకు 1,080 రూపాయలు. గోదాముల్లో జాగా లేదు, చేతికొచ్చే ధర అంతకన్నా తక్కువ, ఖర్చులు పెరిగాయి. పెట్టుబడి మీద సగం కలిపి మద్దతు ధర ఇవ్వండని స్వామినాథన్ కమిషన్ మాటను పట్టుకుని రైతులు అడిగారు. రాష్ట్ర ప్రభుత్వం మోహన్ కందా అధ్యక్షతన కమిటీ వేసింది.

రైతు వేసిన లెక్క తప్పా? విషయం అర్థం కావడానికి నేను అంకెలు అనుకుని చూపిస్తాను. ఎకరాకు 75 కిలోల బస్తాలు 24, అంటే 18 క్వింటాళ్ళు. మద్దతు ధర దొరికితే 19,440. వ్యాపారి 900కే అడిగితే 16,200. దుక్కి, నాట్లు, ఎరువు, కోత అన్నీ కలిపి 15,000 అనుకోండి. సొంత భూమి ఉన్నవాడికి కల్లంలో మిగిలేది 1,200, అదీ తుఫాను రాకపోతే. కౌలు 8 బస్తాలిచ్చే వాడికి అదే ధర దగ్గర 4,200 నుక్సాన్, మద్దతు ధర దొరికినా 2,040 నుక్సాన్. అలాంటప్పుడు శిఖరం ఎక్కడుంది? సున్నా దగ్గరే. చేను బీడు పెట్టడమే అన్నిటికన్నా మేలైన జవాబ్. రైతును సోమరి అన్నవాళ్ళకు లెక్క రాదు.

కానీ ఆ 15,000లో 8,000 కూలి అనుకోండి. రైతు ఖాతాలో అది ఖర్చు, ముందు తీసివేత గుర్తు. అదే అంకె మజ్దూర్ ఇంట్లో రోజీ, ముందు కూడిక గుర్తు. రైతు సున్నా దగ్గర ఆగి నష్టం తప్పించుకున్నాడు. నాట్లకు వెళ్ళాల్సిన ఆడవాళ్ళ ఇంట్లో 8,000 మాయమైంది. రెండు ఖాతాలూ ఒకే కాగితం మీద రాస్తే, రైతుకు 1,200, కూలీకి 8,000 కలిపి ఊరికి 9,200 తెచ్చే చేను అది. సున్నా శిఖరం కాదని అప్పుడు కనబడుతుంది. ఎక్కువ చేయాల్సింది దేన్ని అన్న ప్రశ్నకు రియాజీ దగ్గర జవాబు లేదు. అది బయటినుంచి ఇవ్వాలి. ఖ్వారిజ్మీకి అది ముందే రాసి ఉంది, అందుకే ఆయన లెక్కలో ఎవరూ మాయం కాలేదు.

ఈ ఎక్కువ-తక్కువల వాదన మన ఇళ్ళల్లోకి కూడా వచ్చింది. "ఉన్నదే ఎకరంన్నర కొబ్బరితోట, ముక్కలు చేస్తే ఎవరికీ గిట్టదు, భాయీజాన్ పేరునే ఉండనీ" అని ఆపాల చేత సంతకాలు పెట్టించుకున్న ఇళ్ళు ఎన్ని లేవు! అబ్బా చాలీస్వాఁ కాకముందే కాగితాలు తయారవుతాయి. మునాఫా పేరుతో హద్దును చెరిపేయడమంటే ఇదే. కానూన్ అడ్డమన్న మాట కూడా కుదరదు. 1937 షరియత్ చట్టం వ్యవసాయ భూమిని మినహాయించిన మాట నిజమే. కానీ మద్రాసు రాష్ట్రం 1949లో సవరణ చేసి ఆ మినహాయింపు ఎత్తేసింది. అప్పటికి రాజోలు, అమలాపురం, కొత్తపేట అన్నీ మద్రాసు రాష్ట్రంలోవే.

ముక్కలు చేయక్కర్లేని దారి కూడా ఉంది. హిస్సా వేరు, సాగు వేరు. మర్హూమ్‌కు ఒక ఎకరం 60 సెంట్ల తోట, వారిసులు బేవా, ఒక కొడుకు, ఇద్దరు కూతుళ్ళు అనుకోండి. మొత్తం 160 సెంట్లు. అమ్మీకి ఎనిమిదో వంతు 20. మిగిలిన 140లో కొడుక్కి 70, ఒక్కో కూతురికి 35. అడంగల్లో నలుగురి పేర్లూ ఎక్కించి, తోట ఒక్కటిగానే ఉంచి, సాగు కొడుకే చూసుకోవచ్చు, చేసిన కష్టానికి ముందు కూలి తీసుకోవచ్చు. దింపు దింపుకూ ఖర్చులు పోను 16,000 మిగిలిందా, అమ్మీకి 2,000, కొడుక్కి 7,000, మస్కట్‌లో ఉన్న బేటీకి 3,500, ముమ్మిడివరంలో ఉన్న బేటీకి 3,500.