హీరో కాని పావ్లె

సెర్బియా సినిమా అనగానే మనలో చాలామందికి కుస్తురిత్సా ఒక్కడే గుర్తొస్తాడు. అదీ కాస్త సినిమా పిచ్చి ఉన్నవాళ్ళకి. ఆయనకి 1985లో కాన్స్‌లో పామ్ డి'ఓర్ తెచ్చిపెట్టిన 'నాన్న పని మీద ఊరెళ్ళినప్పుడు' చూసినవాళ్ళకి అందులో తాత ముజాఫర్ గుర్తుండే ఉంటాడు. నేను చెప్పబోయేది ఆ తాత వేషం వేసినాయన గురించే. పేరు పావ్లె వూయిసిచ్.

1926లో బెల్‌గ్రేడ్‌లో పుట్టాడు. నటనలో శిక్షణ లేదు, నాటకాల నుంచి వచ్చినవాడూ కాదు. చదివింది లా, సాహిత్యం. అయినా యాభైల నుంచి ఎనభైల దాకా వందకు పైగా సినిమాల్లో కనిపించాడు. మన భాషలో చెప్పాలంటే పక్కా కేరెక్టర్ ఆర్టిస్టు. లావుపాటి ఒళ్ళు, బొంగురు గొంతు, ఇప్పుడే నిద్ర లేచినట్టుండే మొహం. డెబ్భైల్లో 'కమియోన్‌జియె' అనే టీవీ సీరియల్‌లో చ్కాల్యా అనే గొప్ప కమెడియన్‌తో కలిసి లారీ డ్రైవర్‌గా వేశాక ఇంటింటికీ తెలిసిపోయాడు. సెట్ మీద లేకపోతే నది మీద పడవలో ఉండేవాడట. సినిమావాళ్ళ పార్టీల కంటే ఆయనకి అదే ఇష్టం.

ఇవన్నీ పక్కన పెట్టి ఒక్క సినిమా చూడమంటే నేను 1980లో వచ్చిన 'అక్కడ పాడేదెవరు' చూడమంటాను. దర్శకుడు స్లోబొదాన్ షియాన్, రచన దుషాన్ కొవాచెవిచ్. కథ ఇంతే. 1941 ఏప్రిల్ 5, శనివారం. పల్లెటూరి నుంచి బెల్‌గ్రేడ్‌కి ఒక డొక్కు బస్సు బయలుదేరుతుంది. బస్సు ఓనరూ కండక్టరూ మన పావ్లెనే, పేరు క్ర్‌స్టిచ్. డ్రైవరు ఆయన కొడుకు మీష్కో, కొంచెం అమాయకుడు. వీడు కళ్ళకి గంతలు కట్టుకుని కూడా బస్సు నడుపుతాడని తండ్రి పందెం కాస్తాడు, నిజంగానే నడిపిస్తాడు కూడా! దారి మధ్యలో ఒక రైతు ఏకంగా రోడ్డునే దున్నేసి ఉంటాడు. ఒక వేటగాడు బస్సెక్కబోతే, స్టాపులోనే ఎక్కాలని పట్టుబడతాడు క్ర్‌స్టిచ్. పందుల్ని మాత్రం అదే బస్సులో ఎక్కించుకుంటాడు. రూల్ రూలే, డబ్బు డబ్బే.

చూస్తున్నంతసేపూ నవ్వొస్తుంది. కానీ తర్వాతి రోజు ఏమైందో సెర్బియాలో చిన్నపిల్లాడికి కూడా తెలుసు. ఏప్రిల్ 6, ఆదివారం ఉదయం జర్మన్ విమానాలు బెల్‌గ్రేడ్ మీద బాంబులు కురిపించాయి. వేలమంది పోయారు, జాతీయ గ్రంథాలయం తగలబడిపోయింది. బస్సులో ఉన్నవాళ్ళకి మాత్రం ఆ సంగతి తెలీదు. చివర్లో పర్సు పోయిందని ఇద్దరు జిప్సీ పాటగాళ్ళ మీద నింద వేసి, ప్రయాణికులు వాళ్ళని చితకబాదుతూ ఉండగా బాంబు పడుతుంది. బతికి బయటపడేది ఆ ఇద్దరే.

ఇక్కడే పావ్లె గొప్పతనం ఉందని నాకనిపిస్తుంది. క్ర్‌స్టిచ్ పిసినారి, మొరటు మనిషి. అతన్ని మంచివాడిగా చూపించడానికి ఆయన ఒక్క క్షణం కూడా ప్రయత్నించడు. మనకి జాలి పుట్టించే సీను ఒక్కటీ అడగడు. అయినా ఆ బస్సు పోయినప్పుడు మన సొంత మావయ్య పోయినట్టుంటుంది. విలన్‌కి కూడా ఫ్లాష్‌బ్యాక్ పెట్టి కన్నీళ్ళు తెప్పించే సినిమాలకి అలవాటు పడ్డ నాకు ఇది పెద్ద షాకే.

రెండేళ్ళకి అదే జంట 'మారథాన్ వీరులు' తీసింది. అందులో శవపేటికలు అమ్ముకునే కుటుంబంలో పెద్దల వరసలో ఒకడు పావ్లె. కొడుకు లాకియాగా వేసిన దనీలో స్టొయ్‌కొవిచ్ పుట్టింది 1934లో. అంటే తండ్రికి కొడుక్కి తేడా ఎనిమిదేళ్ళు! ఆ సంగతి నేను తర్వాత లెక్కేసుకుంటే తప్ప తెలీలేదు, తెర మీద అనుమానమే రాదు.

1996లో అక్కడి సినిమా అకాడమీ, గత యాభై ఏళ్ళలో వచ్చిన సెర్బియన్ సినిమాలన్నిట్లో ఆ బస్సు సినిమానే ఉత్తమమని ఎన్నుకుంది. అది చూడ్డానికి పావ్లె లేడు. 1988లో, అరవై రెండేళ్ళకే, క్రొయేషియాలోని ఒపాతియాలో పోయాడు. ఆయన నటించిన యుగోస్లావియా కూడా తర్వాత మూడు నాలుగేళ్ళలో ముక్కలైపోయింది. నీష్ ఊళ్ళో జరిగే నటుల ఫెస్టివల్‌లో జీవితకాల కృషికి ఇచ్చే బహుమతికి మాత్రం ఆయన పేరే పెట్టారు. ఎందరో హీరోలున్న దేశంలో ఆ బహుమతికి దొరికిన పేరు ఒక బస్సు కండక్టర్‌ది.