అగ్రరాజ్యాల నీడలో అరబ్బులు, యూదులు

పశ్చిమాసియాలో అరబ్బులకు, యూదులకు నడుమ సాగుతున్న వైరం వేల ఏండ్లనాటి మతకలహమనే అభిప్రాయం చాలామందిలో ఉన్నది. చరిత్ర ఆ మాటను సమర్థించదు. బాగ్దాదు, కైరో, అలెప్పో, సనా వంటి అరబ్బు నగరాలలో యూదులు శతాబ్దాల తరబడి వర్తకులుగా, వైద్యులుగా, వెండిపని చేసేవారుగా జీవించారు. వారికి ముస్లింలతో సమానమైన హోదా ఉండేది కాదు. ప్రత్యేకమైన పన్ను చెల్లించవలసి వచ్చేది, అప్పుడప్పుడు దాడులు కూడా జరిగినవి. అయినప్పటికీ ఐరోపాలో యూదులు అనుభవించిన హింసతో దానిని పోల్చలేము. నేటి వివాదం వయస్సు నూరేండ్లకు కొంచెం ఎక్కువ. ఆ కాలమంతటా ఈ రెండు జాతుల మధ్య ఏదో ఒక పెద్ద రాజ్యం నిలబడియే ఉన్నది. మొదట బ్రిటన్, తరువాత అమెరికా, సోవియట్ యూనియన్, ఆ పిమ్మట ప్రధానంగా అమెరికా. ఈ రాజ్యాలు యుద్ధాలను ఆపగలిగినవి, ప్రభుత్వాల మధ్య సంధులు కుదర్చగలిగినవి. ఒకే నేలపై ఉన్న రెండు ప్రజల సంగతిని మాత్రం ప్రతిసారీ వాయిదా వేసినవి.

ఒక నేల, మూడు వాగ్దానాలు

1517 నుండి నాలుగు వందల ఏండ్లపాటు పాలస్తీనా తురుష్కుల ఒట్టోమన్ సామ్రాజ్యంలో ఉండేది. రష్యాలో 1881 తరువాత చెలరేగిన మారణకాండలకు భీతిల్లిన యూదులలో కొందరు అక్కడికి వలస రాసాగారు. 1897లో స్విట్జర్లాండులోని బాసెల్ నగరంలో థియోడర్ హెర్జల్ తొలి జయోనిస్టు మహాసభను సమావేశపరచి, యూదులకు స్వంత గడ్డ కావాలనే కోరికకు సంస్థారూపం ఇచ్చాడు.

మొదటి ప్రపంచయుద్ధంలో తురుష్కులను ఓడించడానికి బ్రిటన్‌కు అన్ని వైపుల నుండి సాయం అవసరమైంది. 1915-16లో మక్కా షరీఫు హుస్సేన్‌తో జరిపిన ఉత్తరప్రత్యుత్తరాలలో అరబ్బుల స్వాతంత్ర్యానికి మాట ఇచ్చింది. పాలస్తీనా ఆ మాటలో చేరి ఉన్నదా, లేదా అనే తగవు తరువాత చాలాకాలం నడిచింది. 1916 మేలో అదే ప్రాంతాన్ని ఫ్రాన్సుతో కలసి పంచుకోవడానికి సైక్స్-పికో రహస్య ఒడంబడిక చేసుకున్నది. 1917 నవంబరు 2న విదేశాంగమంత్రి బాల్ఫర్ పాలస్తీనాలో యూదులకు జాతీయ నివాసం ఏర్పడడానికి తోడ్పడుతామని ప్రకటించాడు. యూదేతరుల పౌర, మత హక్కులకు భంగం కలుగరాదని ఆ ప్రకటనలోనే ఒక వాక్యం ఉన్నది. ఆ యూదేతరులు నాటి జనాభాలో పదింట తొమ్మిది వంతులు. వారి రాజకీయ హక్కుల ప్రస్తావన మాత్రం అందులో లేదు. అదే నెలలో రష్యాలో అధికారానికి వచ్చిన బోల్షెవిక్కులు రహస్య ఒడంబడికను పత్రికలలో బయటపెట్టడంతో బ్రిటన్ రెండు నాలుకల ధోరణి లోకానికి తెలిసింది.

ఈ యుద్ధంతో మన ప్రాంతానికీ ఒక సంబంధం ఉన్నది. మైసూరు, హైదరాబాదు, జోధ్‌పూర్ సంస్థానాల అశ్వికదళాలు పాలస్తీనా రంగంలో బ్రిటిషువారి పక్షాన పోరాడినవి. 1918 సెప్టెంబరు 23న హైఫా పట్టణాన్ని జయించినవి మైసూరు, జోధ్‌పూర్ దళాలు. ఢిల్లీలో తీన్‌మూర్తి కూడలిలోని మూడు విగ్రహాలు ఈ మూడు సంస్థానాల సైనికులవే. ఎవరి వాగ్దానం కొరకు తాము పోరాడుతున్నామో ఆ రౌతులకు తెలిసే అవకాశం లేదు.

1922లో నానాజాతి సమితి పాలస్తీనాపై బ్రిటన్ అధికారాన్ని ఆమోదించింది. 1929 అల్లర్లు, 1936-39 అరబ్బుల తిరుగుబాటు ఆ పాలనలోనివే. మరొక మహాయుద్ధం ముంచుకొస్తున్న వేళ అరబ్బుల మంచితనం కోరి, 1939లో బ్రిటన్ యూదుల వలసను ఐదేండ్లకు 75,000 మందికి పరిమితం చేసింది. హిట్లరు బారి నుండి తప్పించుకొనదలచిన యూదులకు తలుపులు మూసుకుపోయిన సమయం అది. ఐరోపాలో అరవై లక్షల యూదులు హతమైనారు. ఒక సామ్రాజ్యం తన అవసరాన్ని బట్టి ఒకసారి వీరిని, మరొకసారి వారిని దువ్విన ఫలితంగా ఇరువురికీ దానిపై విశ్వాసం పోయింది.

ఊరి నడుమ కంచె

1947 నవంబరు 29న పాలస్తీనాను రెండు రాజ్యాలుగా విభజించే 181వ తీర్మానాన్ని ఐక్యరాజ్య సమితి ఆమోదించింది. అనుకూలం 33, వ్యతిరేకం 13, తటస్థం 10. భారతదేశం వ్యతిరేకించింది. అమెరికా, సోవియట్ యూనియన్ రెండూ అనుకూలంగా ఓటు వేయడం విశేషం. అమెరికా అధ్యక్షుడు ట్రూమన్‌కు మారణహోమం నుండి బయటపడినవారి పట్ల సానుభూతి, స్వదేశంలో ఎన్నికల లెక్క రెండూ ఉండినవి. స్టాలిన్ లక్ష్యం బ్రిటన్‌ను ఆ ప్రాంతం నుండి వెళ్ళగొట్టడం. 1948 మే 14న ఇజ్రాయెల్ అవతరించిన 11 నిమిషాలకే ట్రూమన్ దానిని గుర్తించాడు. మూడు రోజులకు మాస్కో సంపూర్ణంగా గుర్తించింది. ఆ ఏటి యుద్ధంలో ఇజ్రాయెల్‌కు తుపాకులు, విమానాలు వచ్చినది సోవియట్ కూటమిలోని చెకొస్లొవేకియా నుండి. ఏడేండ్ల తరువాత, 1955లో, అదే చెకొస్లొవేకియా మీదుగా సోవియట్ ఆయుధాలు ఈజిప్టుకు చేరినవి. అగ్రరాజ్యాలకు శాశ్వత మైత్రి ఉండదనడానికి ఇంతకన్న ఉదాహరణ అక్కరలేదు.

యుద్ధంలో సుమారు ఏడు లక్షల పాలస్తీనా అరబ్బులు ఇండ్లు విడిచి శరణార్థులైనారు. తరువాతి దశాబ్దాలలో అరబ్బు దేశాల యూదులు కూడా లక్షల సంఖ్యలో ఊళ్ళు వదలిపోయారు. ఇరాక్ నుండి 1950-51లోనే సుమారు 1,20,000 మంది విమానాలలో తరలిపోవడంతో, రెండున్నర వేల ఏండ్లుగా అక్కడ ఉన్న యూదు సమాజం దాదాపు అంతరించింది.

1949లో ఇజ్రాయెల్‌కు, జోర్డానుకు మధ్య కుదిరిన యుద్ధవిరమణ రేఖను పటంపై ఆకుపచ్చ సిరాతో గీచినందున దానికి ఆకుపచ్చ రేఖ అనే పేరు వచ్చింది. జెరూసలెం దక్షిణాన ఉన్న బైత్ సఫాఫా అనే అరబ్బు గ్రామం ఈ రేఖ వలన రెండుగా చీలింది. జెరూసలెంకు పోయే రైలుమార్గం ఇజ్రాయెల్ చేతిలో ఉండవలసి రావడమే అందుకు కారణం. ఊరి నడుమ ముళ్ళకంచె వెలసింది. ఒకే ఇంటివారు చెరొక దేశం కిందికి వచ్చారు. పెండ్లి ఊరేగింపు వచ్చినా, శవయాత్ర సాగినా ఆవలి బంధువులు కంచెకు అటువైపు నిలబడి చూడవలసినదే. 1967 వరకు ఇదే పరిస్థితి. ఉత్తరాన బర్తఆ గ్రామానిది కూడా ఇదే గతి. అక్కడ అధికసంఖ్యాకులు ఒకే వంశానికి చెందినవారు. పడమటి సగం ఇజ్రాయెల్‌లో, తూర్పు సగం జోర్డానులో పడినవి.

సూయజ్ నుండి చమురు దాకా

1956 జులైలో ఆస్వాన్ ఆనకట్టకు ఇస్తామన్న ధనాన్ని అమెరికా నిరాకరించగా, ఈజిప్టు అధ్యక్షుడు నాసర్ సూయజ్ కాలువను జాతీయం చేశాడు. బ్రిటన్, ఫ్రాన్సు, ఇజ్రాయెల్ రహస్యంగా మాట్లాడుకొని అక్టోబరు చివర ఈజిప్టుపై దాడికి దిగినవి. అమెరికా అధ్యక్షుడు ఐసెన్‌హోవర్ ఆగ్రహించి బ్రిటన్ కరెన్సీకి ఊతం దొరకకుండా చేశాడు. సోవియట్ యూనియన్ క్షిపణుల మాట ఎత్తి బెదిరించింది. ఆక్రమించినవారు వెనుదిరుగక తప్పలేదు. బ్రిటన్ ప్రాభవం అంతటితో ముగిసింది. గాజా, సినాయ్ సరిహద్దుపై సమితి శాంతిసేన నిలిచింది. అందులో భారతీయ సైనికులు పదేండ్లకు పైగా పనిచేశారు. 1967 జూనులో గాజాలో వారిలో కొందరు ప్రాణాలు కోల్పోయారు.

ఆ 1967 యుద్ధానికి నిప్పు రాజేసినది ఒక తప్పుడు సమాచారం. సిరియా సరిహద్దులో ఇజ్రాయెల్ సేనలు మోహరించి ఉన్నవని మే 13న సోవియట్ యూనియన్ ఈజిప్టుకు తెలిపింది. ఈజిప్టు సేనాధికారి మహమ్మద్ ఫౌజీ సిరియా వెళ్ళి విచారించగా అట్టి జాడ లేదని తేలింది. అప్పటికే నాసర్ వెనుకకు తగ్గలేనంత ముందుకు పోయాడు. శాంతిసేనను పంపివేసి, తిరాన్ జలసంధిని మూసివేశాడు. జూన్ 5న ఇజ్రాయెల్ దాడి చేసి ఆరు రోజులలో సినాయ్, గాజా, వెస్ట్ బ్యాంక్, తూర్పు జెరూసలెం, గోలన్ మిట్టలను పట్టుకున్నది. సోవియట్ యూనియన్ ఇజ్రాయెల్‌తో సంబంధాలు తెంచుకున్నది. అప్పటి నుండి అరబ్బుల చేతిలో రష్యన్ ఆయుధం, ఇజ్రాయెల్ చేతిలో అమెరికన్ ఆయుధం.

నవంబరు 22న భద్రతామండలి చేసిన 242వ తీర్మానం గురించి కొంత వివరంగా చెప్పవలెను. ఆక్రమించిన ప్రాంతాల నుండి ఇజ్రాయెల్ వైదొలగవలెనని, అన్ని రాజ్యాలు భద్రమైన సరిహద్దులలో బ్రతుకవలెనని అందులోని సారం. ఇంగ్లీషు ప్రతిలో 'ప్రాంతాలు' అనే మాటకు ముందు 'ది' అనే ఉపపదం లేదు. ఫ్రెంచి ప్రతిలో దానికి సమానమైన 'దే' ఉన్నది. ఇంగ్లీషు ప్రకారం కొన్ని ప్రాంతాలు చాలునని ఇజ్రాయెల్, ఫ్రెంచి ప్రకారం అన్నింటినీ వదలవలెనని అరబ్బులు వాదించారు. తెలుగులో అటువంటి ఉపపదమే లేనందున మన అనువాదంలో ఈ చిక్కు కనబడనే కనబడదు. అయితే ఇది లేఖకుల పొరపాటు కాదు. ఇరుపక్షాలు ఒప్పుకునే వాక్యం కావలసి వచ్చి ఆ సందిగ్ధాన్ని తెలిసియే ఉంచారు. ఆ తీర్మానంలో పాలస్తీనీయుల పేరు కూడా లేదు. 'శరణార్థుల సమస్య' అనే మాటతో సరిపెట్టారు.

1973 అక్టోబరు 6న ఈజిప్టు, సిరియా దాడి చేయగా ఇరు అగ్రరాజ్యాలు తమవారికి విమానాలలో ఆయుధాలు చేరవేసినవి. అక్టోబరు 25న అమెరికా తన అణుబలగాలను సైతం అప్రమత్తం చేసింది. ఇద్దరూ కలసి ఒత్తిడి తెచ్చిన పిమ్మటనే పోరు ఆగింది. అరబ్బు దేశాలు చమురు సరఫరాను ఆయుధంగా వాడగా, పీపా సుమారు 3 డాలర్ల నుండి కొద్ది నెలలలోనే 12 డాలర్లకు చేరువైంది. కిరసనాయిలు, డీజిలు, ఎరువుల ధరల రూపంలో ఆ యుద్ధం మన పల్లెలకూ వచ్చింది. గల్ఫు దేశాలలో పోగైన ఆ చమురు సంపదయే తరువాత కరీంనగర్, కడప, గోదావరి జిల్లాల కూలీలను అక్కడికి లాగింది.

సంధులు, వాయిదాలు

అమెరికా అధ్యక్షుడు కార్టర్ 1978 సెప్టెంబరులో ఈజిప్టు నేత సాదత్‌ను, ఇజ్రాయెల్ ప్రధాని బెగిన్‌ను కాంప్ డేవిడ్‌లో పదమూడు రోజులు కూర్చోబెట్టాడు. 1979 మార్చి 26న సంధి కుదిరింది. సినాయ్ ఈజిప్టుకు తిరిగి వచ్చింది. ఆ రెండు దేశాల మధ్య మరల యుద్ధం రాలేదు. ఇది చిన్న సాధన కాదు. కాని అదే కాంప్ డేవిడ్‌లో వెస్ట్ బ్యాంక్, గాజాల స్వపరిపాలనపై వ్రాసిన రెండవ పత్రం కాగితంగానే మిగిలిపోయింది. సాదత్ 1981లో హత్యకు గురైనాడు.

సోవియట్ యూనియన్ కూలిపోయే ముందు, 1991 అక్టోబరులో, రెండు అగ్రరాజ్యాలు కలసి మాడ్రిడ్ సమావేశాన్ని నిర్వహించినవి. ఆ పతనానికి మరొక ఫలితం కూడా ఉన్నది. 1989 తరువాతి పది పన్నెండేండ్లలో సోవియట్ భూముల నుండి పది లక్షలకు చేరువగా ప్రజలు ఇజ్రాయెల్ చేరారు. అంత మంది రావడంతో ఆ దేశపు రాజకీయాలు మారినవి. భారతదేశం 1988లో పాలస్తీనా రాజ్యాన్ని గుర్తించి, 1992 జనవరిలో ఇజ్రాయెల్‌తో పూర్తి దౌత్య సంబంధాలు ఏర్పరచుకున్నది.

ఇరుపక్షాలు మొదటిసారి ఒకరినొకరు గుర్తించిన ఓస్లో ఒప్పందం అగ్రరాజ్యం ఇంట కుదరలేదు. నార్వేలో రహస్యంగా మాట్లాడుకొని, 1993 సెప్టెంబరు 13న సంతకాలకు మాత్రమే వాషింగ్టన్ వెళ్ళారు. జెరూసలెం, శరణార్థులు, యూదు ఆవాసాలు, సరిహద్దులు అన్నీ తరువాతి చర్చలకు వదిలారు. 1995లో ఇజ్రాయెల్ ప్రధాని రాబిన్‌ను ఒక యూదు తీవ్రవాదియే కాల్చి చంపాడు. హమాస్ ఆత్మాహుతి దాడులు జరిపింది. వెస్ట్ బ్యాంకులో నాడు సుమారు లక్షగా ఉన్న యూదు ఆవాసుల సంఖ్య తరువాత ఐదు లక్షలు దాటింది. ఆవాసాలు అడ్డంకి అని అమెరికా ప్రభుత్వాలు పలుమార్లు అన్నవి. సైనిక సహాయం మాత్రం ఏటేటా అందిస్తూనే వచ్చినవి.

2000లో రెండవ తిరుగుబాటు చెలరేగిన తరువాత ఇజ్రాయెల్ 2002 నుండి అడ్డుగోడ కట్టసాగింది. ఆత్మాహుతి దాడులను అరికట్టడానికని అది చెప్పింది. ఆ గోడ బర్తఆకు తూర్పున పడింది. ఒకప్పుడు రేఖతో చీలిన ఊరు ఈసారి ఒకే వైపున ఉన్నది. అయినను తూర్పు బర్తఆవాసులు తక్కిన వెస్ట్ బ్యాంకు నుండి వేరుపడి, తమ ఇండ్లలో తాము ఉండడానికే అనుమతిపత్రం పొందవలసి వచ్చింది.

2017 డిసెంబరులో అమెరికా జెరూసలెంను ఇజ్రాయెల్ రాజధానిగా గుర్తించింది. 2020లో దాని మధ్యవర్తిత్వంతోనే ఎమిరేట్స్, బహ్రెయిన్, మొరాకో ఇజ్రాయెల్‌తో సంబంధాలు ఏర్పరచుకున్నవి. పాలస్తీనీయులను పక్కన ఉంచి కూడా అరబ్బులతో శాంతి సాధ్యమని పలువురు నమ్మిన రోజులవి. 2023 అక్టోబరు 7న హమాస్ దాడిలో ఇజ్రాయెల్‌లో సుమారు 1,200 మంది మరణించారు, 251 మంది బందీలైనారు. తదనంతర యుద్ధంలో గాజాలో పదుల వేల మంది ప్రాణాలు కోల్పోయారు. ఆ ప్రాంతం శిథిలమైంది. 2025 అక్టోబరులో అమెరికా ఒత్తిడితో కాల్పుల విరమణ కుదిరింది. అక్టోబరు 13న ఈజిప్టులోని షర్మ్ అల్ షేఖ్‌లో సభ జరిపి ఒక పత్రంపై సంతకాలు చేశారు. సంతకాలు అమెరికా, ఈజిప్టు, ఖతార్, తుర్కీ అధినేతలవి. పోరాడిన ఇజ్రాయెల్ ప్రభుత్వం గాని, హమాస్ గాని ఆ వేదికపై లేవు.