ఓడిపోయినా ఖాళీ అవ్వని స్టేడియం: హమ్మర్‌బీ కథ

క్లబ్ అనగానే మనకి గుర్తొచ్చేది పేకాట, లేదంటే ఎవరో డబ్బున్న ఆసామి కొనుక్కున్న జట్టు. స్వీడన్‌లో సంగతి వేరు. అక్కడ క్లబ్ అంటే సంఘం. చందా కట్టిన సభ్యుడికి ఒక ఓటు, అంతే. ఈ పద్ధతిలో ఉన్న కష్టసుఖాలు తెలియాలంటే స్టాక్‌హోమ్ దక్షిణ భాగానికి చెందిన హమ్మర్‌బీ చరిత్ర చూడాలి.

1889లో పడవలు నడిపేవాళ్ళు పెట్టుకున్న సంఘం ఇది. 1897లో వేరే ఆటలు కూడా చేరడంతో పేరు హమ్మర్‌బీ ఐఎఫ్ అయింది. ఫుట్‌బాల్ వచ్చింది 1915లోనే. తర్వాత ఐస్ హాకీ, హ్యాండ్‌బాల్, బాక్సింగ్, రగ్బీ... అభిమానులు ముద్దుగా "బాయెన్" అంటారు.

వీళ్ళ హీరో లెనార్ట్ 'నాకా' స్కోగ్లుండ్. కార్మికులుండే సొదర్‌మల్మ్ పేటలో పుట్టాడు. 1950లో ఇటలీ వెళ్ళి ఇంటర్ మిలాన్ తరఫున రెండు లీగ్ టైటిళ్ళు గెలిచాడు. 1964లో సొంత క్లబ్‌కి తిరిగొచ్చి, మొదటి మ్యాచ్‌లోనే కార్నర్ నుంచి నేరుగా గోల్ కొట్టాడు! 1975లో పోయాడు. ఆయన పుట్టినరోజు డిసెంబర్ 24. ఇప్పటికీ ఆ రోజు జనం ఆయన విగ్రహం దగ్గర చేరతారు.

ఇక ఓటముల సంగతి. బ్యాండీ అని ఒక ఆట ఉంది. ఫుట్‌బాల్ మైదానమంత ఐస్ మీద, జట్టుకి 11 మంది, చిన్న బంతితో ఆడతారు. 2000 నుంచి 2007 లోపు హమ్మర్‌బీ ఆరు ఫైనల్స్ ఆడింది, ఆరూ ఓడింది. చివరికి 2010లో మంచు కురుస్తుండగా గెలిచింది. ఆ రోజు ఏడవనివాడు ఉండి ఉండడు.

ఫుట్‌బాల్‌లో ఇంకో విచిత్రం. 2001లో కోచ్ సోరెన్ క్రాట్జ్‌కి సీజన్ మధ్యలోనే "నీ కాంట్రాక్ట్ పొడిగించం" అని చెప్పేశారు. కారణం? ఆట చూడ్డానికి బాగోలేదట! ఆయన జట్టుని క్లబ్ చరిత్రలోనే మొదటిసారి ఛాంపియన్‌ని చేసి మరీ వెళ్ళాడు. అప్రైజల్ దెబ్బలు తిన్నవాళ్ళెవరికైనా ఈ కథ నచ్చుతుంది.

2008లో ఐస్ హాకీ విభాగం దివాలా తీసింది. 1932-51 మధ్య ఎనిమిది జాతీయ టైటిళ్ళు గెలిచిన విభాగం అది. కానీ అదే ఏడు హ్యాండ్‌బాల్ వాళ్ళు వరసగా మూడోసారి ఛాంపియన్లయ్యారు. ఒక్కో ఆటకీ విడి సంఘం ఉండటం వల్ల ఒకటి మునిగినా మిగతావి తేలాయి. మన భాషలో చెప్పాలంటే ఒక సర్వర్ పడిపోయినా సైట్ నడుస్తూనే ఉంది.

అసలు విషయం ఇప్పుడు. 1999లో స్వీడన్ క్రీడా సమాఖ్య, జట్లని కంపెనీలుగా మార్చుకోవచ్చంది. ఒకటే షరతు: ఓట్లలో మెజారిటీ సభ్యుల సంఘం చేతిలోనే ఉండాలి. దీన్నే 51 శాతం నియమం అంటారు. ఏఈజీ అనే అమెరికన్ కంపెనీ వాటా కొన్నా, 2019లో సాక్షాత్తూ జ్లాటన్ ఇబ్రహిమోవిచ్ సుమారు పావు వాటా కొన్నా, పగ్గాలు మాత్రం చందాదారులవే. (జ్లాటన్ పాత క్లబ్ మాల్మో అభిమానులకి ఒళ్ళు మండి, ఆ ఊళ్ళో ఉన్న ఆయన విగ్రహం మీద పడ్డారు. 2020 జనవరికల్లా అది నేలకూలింది.)

దీనివల్ల నష్టం లేదా? ఉంది. పెద్ద పెట్టుబడులు రావు. 1982లోనూ 1987లోనూ యూఎఫా కప్ గెలిచిన గోటెబోర్గ్ లాంటి జట్టు ఆ దేశం నుంచి మళ్ళీ రాలేదు. మంచి కుర్రాళ్ళు మీసాలు రాకముందే బయటి లీగ్‌లకి ఎగిరిపోతారు.

అయినా నా ఓటు ఈ పద్ధతికే. 2009లో హమ్మర్‌బీ ఫుట్‌బాల్ జట్టు రెండో డివిజన్‌కి పడిపోయింది. ఐదేళ్ళు అక్కడే ఉంది. 2014లో, అదే రెండో డివిజన్‌లో, ఇంటి మ్యాచ్‌లకి వచ్చిన జనం సగటున 20 వేల పైచిలుకు! గెలుపు కోసం వచ్చేవాడు ఓడితే ఇంకో జట్టు చూసుకుంటాడు. తనదనుకున్నవాడు ఎక్కడికి పోతాడు? కంపెనీలు మనకి ఇచ్చే షేర్లలో రాని "మనది" అన్న భావం, ఏడాదికి ఓ చిన్న చందాతో వీళ్ళకి వచ్చేసింది. ఓటు ఉంది కాబట్టి.