‘మనదేశం’ తీసిన పంగిడి అమ్మాయి



ఎన్.టి. రామారావుగారి మొదటి సినిమా ఏదని అడిగితే మన ఇళ్ళల్లో పిల్లలు కూడా ‘మనదేశం’ అని ఠక్కున చెప్పేస్తారు. మరి ఆ సినిమా తీసిందెవరని అడిగి చూడండి, పెద్దవాళ్ళు సైతం తడుముకుంటారు. తీసింది ఒక స్త్రీ. అందులో కథానాయికా ఆవిడే. పైగా మన గోదావరి ప్రాంతపు ఆడపడుచు!

సి. కృష్ణవేణిగారు 1924 డిసెంబరు 24న కొవ్వూరు దగ్గర పంగిడిలో పుట్టారు. పసితనంలోనే నాటకాలాడారు. కాకినాడకు చెందిన సి. పుల్లయ్యగారు 1936లో అచ్చంగా పిల్లలతోనే ‘సతీ అనసూయ’ తీస్తే, అందులో అనసూయ ఈవిడే. పన్నెండేళ్ళయినా నిండలేదు! ఆ కాలంలో ఎవరి పాట వాళ్ళే పాడుకోవాలి. తెర వెనక గొంతు అరువిచ్చేవారు లేరు కదండీ. నటనా, పాటా రెండూ వస్తేనే వేషం.

తర్వాత మీర్జాపురం రాజావారితో వివాహమైంది. మద్రాసులో శోభనాచల స్టూడియో వారిదే. పెళ్ళయ్యాక బయటివారి చిత్రాలు మానుకుని, సొంత చిత్రాల్లోనే నటించారు. గడప దాటలేదు, నిజమే. కాని ఆ గడపలోకి ఎంతమందిని పిలిచారో చూడండి.

1947లో ‘గొల్లభామ’లో ఆవిడే నాయిక. మన పెద్దాపురం అంజలీదేవిగారికి పేరు తెచ్చిన మొదటి చిత్రం కూడా అదే. 1949లో తానే నిర్మాతగా ‘మనదేశం’ తీశారు. శరత్‌బాబు ‘విప్రదాసు’ దానికి ఆధారం. దర్శకుడు ఎల్.వి. ప్రసాద్‌గారు, సంగీతం ఘంటసాలగారు. పోలీసు ఇన్‌స్పెక్టరుగా ఒక చిన్న వేషంలో కొత్త కుర్రవాడు రామారావు! 1957లో ‘దాంపత్యం’ ద్వారా రమేష్‌నాయుడుగారిని తెలుగు సంగీతదర్శకుడిగా పరిచయం చేసిందీ ఆవిడే.

నాయికగా ఆవిడ కనిపించింది కొద్ది చిత్రాల్లోనే. 2004లో రఘుపతి వెంకయ్య పురస్కారం వచ్చింది. నిండు నూరేళ్ళు బ్రతికి, 2025 ఫిబ్రవరి 16న కన్నుమూశారు.

వడ్డించినవారిని మరిచి విందునే మెచ్చుకోవడం మనకు కొత్త కాదు. ఆ సంగతి మన ఆడవాళ్ళకంటే ఎవరికి బాగా తెలుసు చెప్పండి! ఈసారి ఇంట్లో ‘మనదేశం’ చూసేటప్పుడు, పేర్లు పడుతున్నాయి కదా అని పొయ్యి దగ్గరకు లేచి వెళ్ళిపోకండి. ఒక్క నిమిషం కూర్చుని ఆవిడ పేరు చదవండి. పక్కనున్న పిల్లలకీ చూపించండి. సెలవు.