కరణం పెట్టె నుంచి వేలిముద్ర దాకా

ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ పల్లెల్లో సర్కారు లెక్క చాలాకాలం కరణం ఇంటి పెట్టెలో ఉండేది. కోస్తా, సీమల్లో అడంగల్ అన్నా, తెలంగాణలో పట్వారీ చేతిలోని పహాణీ అన్నా విషయం ఒకటే. ఏ సర్వే నంబరు ఎదుట ఎవరి పేరుందో ఆయన చెబితేనే ఊరికి తెలిసేది. 1984 జనవరిలో ఎన్.టి. రామారావు ప్రభుత్వం ఆర్డినెన్సు తెచ్చి వంశపారంపర్య గ్రామాధికారుల పదవులను రద్దు చేసింది. కరణీకం పోయింది కానీ లెక్క మాత్రం కాగితం మీదే మిగిలింది. పెట్టెలోంచి తీసి ఆఫీసు బీరువాలో పెట్టినట్టయింది.

ఆ కాగితాన్ని కదిలించిన మొదటి పెద్ద ప్రయత్నం 1998 నవంబరులో రిజిస్ట్రేషన్ల శాఖలో మొదలైన ‘కార్డ్’ పథకం. అంతకుముందు ప్రతి దస్తావేజునూ గుమస్తాలు పుస్తకాల్లోకి చేత్తో నకలు రాసేవారు. ఆస్తిపై జరిగిన లావాదేవీలు తెలిపే ఈసీ కావాలంటే ఆ పుస్తకాలన్నీ తిరగేయాలి, దానికి రోజులు పట్టేది. కంప్యూటరు వచ్చాక ఆ పని నిమిషాల్లోకి వచ్చింది. దస్తావేజు లేఖరులతో పని లేకుండా చేయాలన్నది కూడా ఆ పథకం ఉద్దేశాల్లో ఒకటి. వాళ్లు మాత్రం సబ్ రిజిస్ట్రారు ఆఫీసు గేటు ముందే ఉండిపోయారు. ఫారం నింపడం తెలియనివాడికి కాగితమైనా కంప్యూటరైనా ఒకటే కదా.

1999లో హైదరాబాదులో ‘ట్విన్స్’ అనే ప్రయోగం జరిగింది. అదే 2001లో ఈ-సేవగా విస్తరించింది. కరెంటు బిల్లుకో వరస, నీళ్ల బిల్లుకో వరస నిలబడే జంటనగరాల వాళ్లకు ఒకే కిటికీ దొరికింది. 2002లో పశ్చిమ గోదావరి జిల్లాలో ఇదే తరహా కేంద్రాలను పొదుపు సంఘాల మహిళలే నడిపారు. 2011 నవంబరులో చిత్తూరు జిల్లాలో మొదలైన మీసేవ ఇంకో అడుగు వేసింది. డిజిటల్ సంతకం ఉన్న ప్రతిని కేంద్రంలోనే తీసి ఇవ్వడంతో, ఆఫీసరు సంతకం కోసం గుమ్మం దగ్గర కాచుకోవడం చాలా పనుల్లో తప్పింది.

అయితే లెక్కకూ పౌరుడికీ మధ్య సంబంధాన్ని నిజంగా మార్చింది ఈ కిటికీలు కాదు, ఉపాధి హామీ మస్టరు (హాజరు పట్టీ). 2006 ఫిబ్రవరి 2న అనంతపురం జిల్లా బండ్లపల్లిలో ప్రధాని మన్మోహన్ సింగ్ ఆ పథకాన్ని ప్రారంభించారు. రాష్ట్రంలో దాని లెక్కలను మొదటి నుంచీ కంప్యూటరుకెక్కించారు. ఎవరు ఏ పని ఎన్ని రోజులు చేశారో, ఎంత కూలి ముట్టిందో ఎవరైనా చూడగలిగేలా వెబ్‌సైటులో పెట్టారు. కూలీల చేతుల్లో అప్పటికి ఇంటర్నెట్ లేదు. ఆ లోటు తీర్చింది సామాజిక తనిఖీ. తనిఖీ బృందాలు మస్టర్ల ప్రతులు పట్టుకుని ఇంటింటికీ వెళ్లాయి, పేర్లు చదివి వినిపించాయి, ‘ఈ పని చేశావా, ఈ డబ్బు అందిందా’ అని అడిగాయి. చనిపోయినవాళ్ల పేర, వలసపోయినవాళ్ల పేర పడిన హాజరు అలా బయటపడింది. తేలినదాన్ని మండల కేంద్రంలో ప్రజావేదిక పెట్టి అధికారుల ఎదుటే చదివేవారు. 2009లో ఈ పని కోసం ఒక స్వతంత్ర సొసైటీ ఏర్పడింది. కంప్యూటరు లెక్కకు ఊరి గొంతు తోడైన ఈ కొద్ది సంవత్సరాలే మొత్తం కథలో అరుదైనవి. అప్పుడు జనం సర్కారును తనిఖీ చేశారు.

ఆ తరువాత సాధనం రెండోవైపు తిరిగింది. కూలి డబ్బులూ పింఛన్లూ వేలిముద్రతో ముడిపడిన స్మార్ట్ కార్డుల ద్వారా ఇవ్వడం మొదలైంది. 157 మండలాల్లో దీని ఫలితాన్ని ఆర్థికవేత్తలు కార్తీక్ మురళీధరన్, పాల్ నీహాస్, సందీప్ సుఖ్తంకర్ లెక్కగట్టారు. చెల్లింపులు త్వరగా అందాయనీ, ఉపాధి కూలిలో పక్కదారి పట్టే సొమ్ము తగ్గిందనీ తేల్చారు. అయితే అప్పట్లో కార్డు లేనివాళ్లకూ, వేలిముద్ర పడనివాళ్లకూ డబ్బు ఆపలేదు. లబ్ధిదారులకు అది నచ్చడానికి ఈ వెసులుబాటూ ఒక కారణమే అనుకోవాలి.

2015లో ఆంధ్రప్రదేశ్ రేషను దుకాణాలకు ఆధార్‌తో ముడిపడిన ఈపాస్ మిషన్లు వచ్చాయి. తెలంగాణ కూడా తరువాత అదే దారి పట్టింది. డీలరు మిగుల్చుకునే సరుకుకు కళ్లెం పడింది. కానీ ‘వేలిముద్ర పడట్లేదు’, ‘సర్వరు లేదు’ అనే మాటలు ఊళ్లలో కొత్తగా పుట్టాయి. మట్టిపనికో ముసలితనానికో గీతలు అరిగిన వేలు యంత్రానికి ఆనదు. పాత రోజుల్లో ఊరంతా ఎరిగిన మనిషి తాను ఫలానా అని రుజువు చేసుకోనక్కర్లేకపోయేది. 2018 సెప్టెంబరు 26న సుప్రీంకోర్టు ధర్మాసనం మెజారిటీ తీర్పుతో సంక్షేమ పథకాలకు ఆధార్ అడగడాన్ని సమర్థించింది. జస్టిస్ డి.వై. చంద్రచూడ్ ఒక్కరే విభేదించారు.

ఆంధ్రప్రదేశ్‌లో 2019 ఆగస్టు నుంచి గ్రామ, వార్డు వాలంటీర్లు వచ్చారు. మరుసటి ఏడాది ఫిబ్రవరి నుంచి వాళ్లు ఒకటో తారీఖున పింఛను తీసుకుని గడప దగ్గరికే వెళ్లారు. మంచం దిగలేని ముసలివాళ్లకు అది పెద్ద ఊరట. ఒక్కో వాలంటీరు దగ్గర యాభై ఇళ్ల వివరాలున్నాయన్నది మాత్రం రాజకీయ వివాదమైంది. 2024 ఎన్నికల వేళ పింఛన్ల పంపిణీకి వాళ్లను దూరంగా ఉంచాలని ఎన్నికల సంఘం ఆదేశించింది.

ఉపాధి పనిలోనూ దిశ మారింది. దేశమంతటా పని ప్రదేశాల్లో 2023 జనవరి 1 నుంచి హాజరు యాప్‌లో పడాలన్న నిబంధన వచ్చింది. కూలీల ఫొటో రోజుకు రెండుసార్లు తీసి, చోటు గుర్తుతో సహా ఎక్కించాలి. సిగ్నల్ లేని గుట్టల దగ్గర ఆ పని ఎలా సాగుతుందన్నది పని దగ్గర హాజరు చూసే మేటులకే తెలియాలి. 2025 జనవరి 30న ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం ‘మన మిత్ర’ పేరిట వాట్సాప్‌లోనే 161 సేవలు మొదలుపెట్టింది. ఫోనున్నవాడికి మీసేవ దాకా కూడా నడవక్కర్లేదు. ఫోను లేనివాళ్లూ, ఉన్నా అందులోని జాబితా చదవలేనివాళ్లూ ఆ పని చేసిపెట్టే మనిషి కోసం మళ్లీ ఇరుగుపొరుగు వైపే చూస్తున్నారు.