కాదన్న కాగితంలో కారణమేది?

ఇంటి ప్లానును మునిసిపాలిటీ తిరస్కరిస్తే హైకోర్టులో రిట్ వేయడం ఇవాళ మామూలు సంగతి. ఈ దారి ఎప్పుడు పడిందంటే సాధారణంగా రెండు మైలురాళ్లు చూపిస్తారు: 1863లో ఇంగ్లండులో కూపర్ కేసు, 1950లో మన రాజ్యాంగం 226వ అధికరణ. రెండూ నిజమే కానీ, ఈ కథకు అవి చాలవు.

కూపర్ ముందస్తు నోటీసు ఇవ్వలేదని, అతను కడుతున్న ఇంటిని వాండ్స్‌వర్త్ బోర్డు కూల్చేసింది. అతని మాట వినకుండా కూల్చడం తప్పని కోర్టు తేల్చింది. అది కూల్చివేతకు సంబంధించిన న్యాయం. అనుమతి ఇవ్వనన్న అధికారిని నిలదీయడం వేరే పని.

ఆ పనికి మన దేశంలో 1877 నాటి స్పెసిఫిక్ రిలీఫ్ చట్టం 45వ సెక్షన్ ఉండేది. అయితే అది కలకత్తా, మద్రాసు, బొంబాయి హైకోర్టుల సొంత నగర పరిధికే పరిమితం. చెన్నపట్నంవాసికి ఉన్న వెసులుబాటు బెజవాడవాసికి లేదు. రిట్ల సంగతీ అంతే. పర్లాకిమిడి జమీందారీ రైతుల శిస్తు వివాదంలో, రెవెన్యూ బోర్డు మద్రాసులో కూర్చున్నంత మాత్రాన గంజాం వ్యవహారంలో మద్రాసు హైకోర్టు రిట్ ఇవ్వజాలదని 1943లో ప్రీవీ కౌన్సిల్ తేల్చింది. ఈ హద్దును చెరిపింది 226వ అధికరణే. అయితే కోర్టు గుమ్మం ఎక్కాక అధికారిని ఏమని అడగాలి?

దానికి జవాబు, నా దృష్టిలో, 1951 నవంబరులో సుప్రీంకోర్టు తీర్పిచ్చిన గోర్ధన్‌దాస్ భాన్‌జీ కేసులో ఉంది. బొంబాయి అంధేరిలో సినిమాహాలు కట్టుకోవడానికి గోర్ధన్‌దాస్‌కు పోలీసు కమిషనర్ 1947 జూలైలో అనుమతి ఇచ్చాడు. రెండు నెలలకే, ప్రభుత్వ ఆదేశం మేరకు రద్దయిందని ఉత్తరం పంపాడు. తర్వాత కోర్టులో మాత్రం ఆ నిర్ణయం తనదేనన్నాడు. జస్టిస్ వివియన్ బోస్ ఒప్పుకోలేదు. ఉత్తర్వులో ఉన్న మాటలనే చూస్తాం, తర్వాత చెప్పే వివరణలను కాదన్నారు. అధికారం ఎవరికిచ్చారో వారే బుద్ధిపెట్టి నిర్ణయించాలన్నారు. విశేషమేమిటంటే, ఈ తీర్పు వచ్చింది 226 కింద కాదు, ఆ పాత 45వ సెక్షన్ కిందే.

నిజమే, ఇది రద్దు కేసు, తిరస్కరణ కేసు కాదు; మునిసిపల్ చట్టం కిందిదీ కాదు. అయినా కారణం ఉత్తర్వులోనే ఉండాలన్న సూత్రం ఇక్కడ నాటుకుంది. 1977లో మొహిందర్ సింగ్ గిల్ ఎన్నికల కేసులో జస్టిస్ కృష్ణయ్యర్ దీన్నే ఉటంకించి అన్ని ఉత్తర్వులకూ వర్తించే నియమంగా స్థిరపరిచారు.

చిక్కు కూడా ఆ 1951 తీర్పులోనే మొదలైంది. గోర్ధన్‌దాస్‌కు సుప్రీంకోర్టు నేరుగా అనుమతి ఇప్పించలేదు. రద్దు సంగతి మళ్లీ నువ్వే ఆలోచించమని కమిషనర్‌కు అప్పగించింది. ఇప్పటికీ చాలా రిట్లు ఇలాగే ముగుస్తాయి. ఫైలు మళ్లీ అదే బల్ల మీదికి వెళ్తుంది. ఈసారి కొర్రీ మారుతుంది. పైగా దరఖాస్తు నాటి నిబంధనలు కాదు, మంజూరు నాటి నిబంధనలే వర్తిస్తాయని హౌరా కార్పొరేషన్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అంటే కేసు గెలిచేలోగా రూల్సు మారితే గెలిచినవాడే నష్టపోవచ్చు.

2020లో తెలంగాణ తెచ్చిన టీఎస్-బీపాస్ చట్టం ఈ ముడిని పక్కనుంచి దాటింది. 75 చదరపు గజాల లోపు స్థలంలో చిన్న ఇంటికి రిజిస్ట్రేషన్ చాలు. 500 చదరపు మీటర్ల వరకు స్వీయ ధ్రువీకరణ. పెద్దవాటికి 21 రోజుల గడువు. వేగం మంచిదే, ఆఫీసు చుట్టూ ప్రదక్షిణలు తగ్గాయంటే కాదనను. కానీ ధ్రువీకరణ తప్పని తేలితే నోటీసు లేకుండానే కూల్చవచ్చన్న నిబంధన నాకు మింగుడుపడదు. తిరస్కరణ కాగితం ఉంటే సవాలు చేయడానికి ఆధారమైనా ఉండేది. అభ్యంతరాలన్నీ ఒకేసారి రాతపూర్వకంగా చెప్పాలి, ఫైలు కోర్టు నుంచి తిరిగొచ్చాక కొత్తవి తీయకూడదు అనే నియమం చట్టంలోకి రానంత వరకు కారణం అడిగే ఈ హక్కు సగమే.